వయొలిన్లు వద్దన్న ఉస్తాదు

పోయిన శుక్రవారం మధ్యాహ్నం నేను పప్పుకు తిరగమాత వేస్తుంటే ఫోనుకు బల్గేరియా నుంచి ఒక సందేశం వచ్చింది. కడప జిల్లా చరిత్రలో తిరగమాత వేళ బల్గేరియా నుంచి సందేశం అందుకున్న మొదటి మనిషిని నేనే అయివుంటాను. లాటరీ తగిలిందని చెప్పే దొంగలేమోనని తుడిచేయబోయాను. కానీ దొంగలు అంత మర్యాదగా రాయరు.

"మా నాన్న పోయిన నెల చనిపోయారు. తాను సంగీతం చేసిన సినిమాల జాబితా చేత్తో రాసిపెట్టారు. నలభై పేర్లు మా లిపిలో ఉన్నాయి. నలభై ఒకటోది మాకెవరికీ చదవడం రాలేదు. దాని పక్కన మీ నంబరు ఉంది. అదేమిటో చెప్పగలరా?" అని రాసి, కింద ఆ కాగితం ఫోటో పెట్టింది ఆ అమ్మాయి.

ఫోటోలో ఉన్నవి తెలుగు అక్షరాలు. అక్షరాలు రాని మనిషి టైటిలు చూసి గీసినట్టు, తలకట్లు పక్కవాటి నెత్తిన కూర్చున్నాయి. కొమ్ములు గాలికి ఎగిరిపోతున్నాయి. అయినా కూడబలుక్కుంటే చదవొచ్చు: "ఒక వారం లీవు". నాకొచ్చిన డ్రైవరు ఇంగ్లీషులో, "అది సినిమానే అమ్మా, తెలుగు సినిమా, ఇరవై రెండు నిమిషాలు, కువైట్‌లో తీసినాం" అని రాసి లింకు పంపాను. ఆమె వెంటనే కృతజ్ఞతలు చెప్పింది. దాంతో ఆమె సందేహం తీరింది, నా పప్పు మాడింది.

మాడిన పప్పన్నం ముందు కూర్చుంటే ఆయనే కళ్ళముందుకు వచ్చాడు.

ఆయన పేరు పలకాలంటే నోట్లోని ముప్పై రెండు పళ్ళూ ఒకేసారి డ్యూటీ ఎక్కాలి. అంత ఓపిక లేక మేమంతా ఉస్తాద్ అనేవాళ్ళం. ద్వారబంధం కనిపిస్తే ముందు తల వంచి ఆ తర్వాత నడిచే పొడుగు. ఒక్కో కనుబొమ ఒక్కో మీసమంత. కువైట్‌లో మావాళ్ళంతా ఉండే మహబూలా పేట రోడ్ల మీద తారు బెల్లంపాకంలా సాగే ఎండల్లో కూడా ఉన్ని కోటు విప్పేవాడు కాదు. ఎందుకయ్యా అంటే, "సంగీత దర్శకుడు కోటు విప్పితే ఇంకా ఓపిక ఉందనుకుని నిర్మాత కొత్త ట్యూను అడుగుతాడు" అనేవాడు.

నలభై సినిమాలకు సంగీతం కట్టిన మనిషి, కింద సెలూనూ పైన మెస్సూ ఉన్న మహబూలా భవనంలో ఒంటిగదిలోకి ఎలా వచ్చిపడ్డాడు? దీనికి మావాళ్ళ దగ్గర పదకొండు కథలున్నాయి. మూడింట్లో రాజకుమారి కూడా ఉంది. ఆయన్నే అడిగితే మాత్రం, "విమానంలో వచ్చాను" అనేవాడు.

నేను సల్వా అనే పేటలో ఒక ఇంటి డ్రైవర్ని. ఆ ఇంటి యజమానురాలిని పనివాళ్ళమంతా మామా అని పిలుస్తాం. సోఫాలకు జోడీగా ఉంటుందని ఆమె ఒక తెల్ల పియానో కొనింది. కొన్నాక ఊరికే ఉంచితే బాగుండదని కొడుక్కి నేర్పడానికి ఉస్తాద్‌ని పెట్టింది. వారానికి మూడుసార్లు ఆయన్ని తేవడం, దింపడం నా డ్యూటీ.

నెల గడిచాక మామా నన్ను పిలిచింది. ఉస్తాద్‌కు జామీను నేనే ఉన్నట్టు నిలదీసింది.

"నీ ఉస్తాద్ నెల రోజులుగా పిల్లాడి చేత ఒకే మెట్టు నొక్కిస్తున్నాడు. రెండోది ఎప్పుడు?"

కారులో అదే అడిగాను.

"మొదటి దాని చప్పుడు పూర్తిగా పోయాక రెండోది నొక్కాలి" అన్నాడాయన. "వాళ్ళ హాలు మరీ పెద్దది. పోదు. అంత పెద్ద హాలు ఎవరు కట్టమన్నారు?"

నేను వెళ్ళి మామాకు అనువాదం చేశాను: "మీ హాలు లాంటి హాలు కువైట్ మొత్తంలో లేదంటున్నాడు మామా." ఆ ఒక్క మాటతో ఆయన కొలువు ఇంకో రెండేళ్ళు సాగింది.

ఆయన మెడలో ఎప్పుడూ ఒక స్టాప్‌వాచీ వేలాడేది. సినిమా సంగీతం సెకన్ల లెక్కతో చేసే పని. తలుపు తెరిచింది ఎన్నో సెకనులో, హీరోయిన్ వెనక్కి తిరిగింది ఎన్నో సెకనులో చూసుకుని కుట్టుమిషను వాడిలా కొలతలు తీసుకోవాలట. ఆ అలవాటు ఆయనకు ఎముకల్లోకి దిగింది. సల్వా నుంచి మహబూలా దాకా ప్రతి ఎర్ర సిగ్నలూ ఎన్ని సెకన్లో ఆయనకు కంఠతా వచ్చు. "పదకొండు సెకన్లు! పదకొండు సెకన్లలో నేనొక పెళ్ళి చేసి, పెటాకులు చేసి, నదిలో పడవ కూడా ముంచాను. ఇక్కడ ఊరికే కూర్చోమంటున్నారు" అని సిగ్నలును తిట్టేవాడు.

చెవులంటారా, అవి చెవులు కావు, కస్టమ్స్ వాళ్ళ స్కానర్లు. ఆయన భవనం లిఫ్టు మూలుగులో శ్రుతి తప్పిందని ఆరు నెలలు మెట్లెక్కాడు. పెద్ద అంగడిలో పాట పెడితే కోటుకాలరు చెవుల దాకా లాక్కుని, కొనాల్సిన టమోటాలు కొనకుండానే పారిపోయి వచ్చేవాడు. మా స్నేహితుడు ఖాదరు ఇంట్లో తోడుపెట్టిన పెరుగు ఒక్కటే ఆయన కువైట్‌లో మెచ్చుకున్న వస్తువు. అప్పుడు కూడా, "పెరుగు మా దేశంలో పుట్టింది, మీకెలా తెలిసింది?" అని అనుమానంగా చూసేవాడు.

ఒక సాయంత్రం ట్రాఫిక్‌లో ఇరుక్కుని ఉండగా తన నలభై సినిమాల సారం నాకు చెప్పాడు.

"ఒక్కో సినిమాలో ఒక్కో చోట నేను ఏమీ చేయలేదు. నా గొప్ప పని అదే."

"ఏమీ చేయకపోవడం గొప్పేంది ఉస్తాద్? మా కంపెనీల్లో సూపర్‌వైజర్లంతా అదే పని మీదుంటారు."

ఆయన నవ్వలేదు. సినిమాలో మనిషి గుండె పగిలే చోట సంగీతం ఉండకూడదట. అక్కడ చూసేవాడు ఒంటరిగా ఉండాలట. దర్శకులంతా "ఆహా" అనేవాళ్ళట. విడుదల రోజు హాల్లో కూర్చుంటే, సరిగ్గా ఆ చోట వయొలిన్లు మోగేవట.

"ఎవరి వయొలిన్లనుకున్నావు? నావే! పక్క సీనులోంచి కోసుకొచ్చి అతికించేవాళ్ళు. కొడుకు శవం ముందు తల్లి నిలబడిన చోట ఒకడు బ్యాండుమేళం పెట్టాడు. నలభై సార్లు నేను హాల్లో తల దించుకున్నాను."

ఆ నెలే ఆయన ఇఖామాకు, అంటే కువైట్‌లో ఉండే పర్మిట్టుకు, ఆఖరి నెల. పియానో పిల్లాడు ఫుట్‌బాల్‌కు మారిపోవడంతో కాగితం పొడిగించేవాళ్ళు లేరు. టికెట్టు కూడా తెచ్చుకున్నాడు. నలభై ఒకటో సినిమా ఇక రాదని, ఆ ఒక్క కోరిక తీరకుండానే పెట్టె సర్దుకోవాలని ఆయనకు తెలుసు.

సరిగ్గా అప్పుడు మా ఓబులేసు సినిమా తీశాడు.

ఓబులేసు మా పక్క ఊరివాడు, ఒక క్యాటరింగ్ కంపెనీలో ఫోర్‌మన్. కథ, మాటలు, దర్శకత్వం, నిర్మాణం, హీరో, అన్నీ తనే. ఫోనులో మేనేజరు గొంతు కూడా తనదే. తనకు తాను ఫోను చేసుకుని, తననే తిట్టుకుని, తనకే లీవు ఇవ్వనన్నాడు. అయితే కథ మాత్రం కల్పించింది కాదు. రెండేళ్ళ కింద వాళ్ళమ్మ పోతే కంపెనీ వారం లీవు ఇవ్వలేదు. పోలేకపోయాడు. ఆ సంగతి ఎవరెత్తినా మాట మార్చేవాడు, మార్చి మార్చి చివరికి సినిమా తీశాడు.

"అన్నా, అమ్మ పోయిందని ఫోనొచ్చే సీనుండాదే, దాంట్లో జనం ఏడ్సి ఏడ్సి కుర్చీలు తడిసిపోవల్ల. నీకు తెలిసిన ఆ బల్గేరియా సారును అడగరాదా?" అన్నాడు నాతో.

ఉస్తాద్ డబ్బు అడగలేదు. ఒకే షరతు పెట్టాడు. ఫోను సీనులో ఆ నలభై సెకన్లూ సంగీతం ఉండకూడదు. ఉంటే తన పేరు సినిమా మీద ఉండకూడదు.

ఉస్తాద్ భవనంలోనే ఉన్న ఓబులేసు గదిలో, ఆరు మంచాల మధ్య లాప్‌టాప్ పెట్టి సినిమా చూపించాం. మొబైల్ షాపులో పనిచేసే రాయచోటి ఖాదరు మా ఎడిటరు. ఇద్దరు బిడ్డల తండ్రి, మాట తక్కువ మనిషి. ప్రతి సీను దగ్గరా ఆపి, "సార్, ఇక్కడ మ్యూజిక్?" అని అడిగాడు. ఉస్తాద్ తల ఊపాడు. ఖాదరు రాసుకున్నాడు. ఫోను సీను రాగానే, "వయొలిన్?" అన్నాడు. ఉస్తాద్ తలను పైకీ కిందికీ మెడ విరిగేలా ఊపాడు.

"సూసినావా, ఎంత ఇష్టంగా ఊపుతాండాడో! ఊరికే షరతు గిరతు అన్న్యాడు" అని ఓబులేసు పొంగిపోయాడు.

వారం తర్వాత ఉస్తాద్ ఇచ్చిన ట్యూన్లను ఖాదరు తన రాత ప్రకారం అమర్చి చూపించాడు. ఓబులేసు పళ్ళు తోముకుంటుంటే సామ్రాజ్యాలు కూలుతున్నట్టు సంగీతం. విమానం ఎగురుతుంటే నిశ్శబ్దం. ఫోను సీనులో వయొలిన్లు తెగబడి ఏడ్చాయి. ఉస్తాద్ లేచాడు. "నలభై ఒకటి!" అన్నాడు. తలుపు వేసుకుని వెళ్ళిపోయాడు.

నేను వెనక పరుగెత్తి మెట్ల మీద పట్టుకున్నాను.

"మీరే కదా ఉస్తాద్ తల ఊపింది?"

"అవును. వద్దని ఊపాను."

"వద్దని పైకీ కిందికీ ఊపుతారా ఎవరన్నా?"

"మా దేశం మొత్తం ఊపుతుంది" అని పైకీ కిందికీ ఊపి చూపించాడు. ఆ తర్వాత అటూ ఇటూ ఊపి, "ఇది అవును. మీవాళ్ళు కూడా అవునంటే అటూ ఇటూనే కదా ఊపుతారు? ఇన్నాళ్ళకు తల సరిగ్గా ఊపే జాతి దొరికిందని సంతోషపడ్డాను" అన్నాడు.

నిజమే. మనవాళ్ళ అవును ఎటు ఊగుతుందో మనకే సరిగ్గా తెలీదు. ఒక గొప్ప దేశం, ఒక గొప్ప జిల్లా మెడల దగ్గర ఇలా గుద్దుకున్నాయి. ఆయన్ని బతిమాలి పైకి తీసుకొచ్చాను.

"అంతా మార్చేస్తా సార్. కానీ ఆ సీన్లో ఏమీ లేకపోతే ఎట్ల?" ఓబులేసు ఏడుపు ముఖం పెట్టాడు. "మూగగా ఉంటే మనోళ్ళు నవ్వుతారు. ఈలలేస్తారు."

ఉస్తాద్ మంచం మీద కూర్చున్నాడు. నన్ను మధ్యలో పెట్టుకుని ఒక ప్రశ్న అడిగాడు: "నిజంగా ఆ ఫోను వచ్చిన రోజు నీకు ఏం వినపడింది?"

"ఏం ఇనపడుతుంది సార్." ఓబులేసు కిటికీ వైపు చూశాడు. "తమ్ముడు చెప్పి పెట్టేసినాడు. ఏసీ ఇనపడింది. గుర్రుమంటాండె."

నేను చెప్పాక ఉస్తాద్ కిటికీకి బిగించిన ఆ పాత ఏసీ వైపు, దాని పక్కన ఫ్రిజ్ వైపు, తన వాద్యబృందం దొరికినవాడిలా చూశాడు.

మరుసటి మధ్యాహ్నం రికార్డింగు. ఉస్తాద్ మైకు తెచ్చి, ఓబులేసును తప్ప అందరినీ గదిలోంచి వెళ్ళగొట్టాడు. లుంగీలతో ఐదుగురు వరండాలో గోడకు ఆనుకుని వరసగా నిలబడ్డారు. నోరు మెదపొద్దని ఉస్తాద్ ఆజ్ఞ. లుంగీలవాళ్ళు వరసగా, మౌనంగా, ముఖాలు వేలాడేసుకుని నిలబడితే మహబూలాలో దానికి ఒకటే అర్థం. పై అంతస్తు నుంచి ఎవడో తొంగిచూసి, "తఫ్తీష్! తఫ్తీష్ వచ్చినాది!" అని కేకేశాడు. కాగితాల తనిఖీ అన్నమాట. పది నిమిషాల్లో భవనం ఖాళీ. కాగితాలు లేనివాళ్ళు నీళ్ళట్యాంకుల వెనక దాక్కున్నారు. కాగితాలున్నవాళ్ళు కూడా తోడుగా దాక్కున్నారు. సగం గడ్డంతో సెలూనులోంచి లేచిపోయిన ఒకాయన అల్లంత దూరాన ఫహాహీల్‌లో దొరికాడంటారు. దీనివల్ల ఒక మేలు జరిగింది. ఆ భవనం కట్టినప్పటి నుంచీ అంత నిశ్శబ్దం ఎన్నడూ లేదు. ఉస్తాద్ హాయిగా గంటసేపు ఏసీని రికార్డు చేసుకున్నాడు.

సినిమా ప్రదర్శన మంగఫ్‌లో ఒక హోటలు పైనున్న పార్టీ హాల్లో, శుక్రవారం భోజనాలయ్యాక. ఐదింటికి అక్కడే ఎవరి బిడ్డదో పుట్టినరోజు, ఆలోపు హాలు ఖాళీ చేయాలి. మరుసటి రోజే ఉస్తాద్ విమానం. సినిమా మొదలవకముందే ఓబులేసు ఖాదర్ని ఒక మూలకు లాగడం నేను చూశాను.

"ఖాదరూ, నా మాటిను. ఆయప్పకు తెలీకుండా ఆ సీన్లో వయొలిన్ ఏసేయ్. రేపు పొయ్యే మనిషి. నేను ఈ జనంలో బతకల్ల."

"అట్నే అన్నా" అన్నాడు ఖాదరు.

నేను వినలేదన్నట్టు ముఖం పెట్టాను. ఆ ముఖంతోనే పోయి ఉస్తాద్ పక్కన ముందు వరసలో కూర్చున్నాను. ఆయన ఆ రోజు షూ కూడా పాలిష్ చేసుకుని వచ్చాడు. నలభై ఒకటోసారి తల దించుకోబోతున్నాడని తెలిసిన ఒకే ఒక్క పక్కసీటువాణ్ణి నేను. డ్రైవర్లు, వంటవాళ్ళు, సెలవు దొరికిన పనిమనుషులు, చంకల్లో పిల్లలు, నా కళ్ళకు కువైట్ జనాభా మొత్తం అక్కడే ఉన్నట్టుంది.

ఓబులేసు తెర మీదికి రాగానే ఈలలు. పళ్ళు తోముకుంటే చప్పట్లు. మేనేజరు తిడితే వెనక వరసలోంచి, "వాని పేరు చెప్పప్పా, మేం చూసుకుంటాం!" అని భరోసా. ఫోను మోగింది. తెర మీద ఓబులేసు ఎత్తాడు. విన్నాడు. దించాడు.

వయొలిన్ రాలేదు. ఏమీ రాలేదు.

మూడు సెకన్లు ఓర్చుకున్నారు మావాళ్ళు. తర్వాత మొదలైంది.

"సౌండ్! సౌండ్ పాయ!"

"ఓరి ఖాదరూ, నిద్రపోయినావా? వైరు చూడు!"

"సౌండ్! సౌండ్!" అని పిల్లలు కూడా అందుకున్నారు. ఉస్తాద్ చేతులు కుర్చీ అంచును పట్టుకున్నాయి. ఓబులేసు లేచి మనుషుల మోకాళ్ళు తొక్కుకుంటూ మిషను దగ్గరికి పరుగెత్తాడు. ఖాదర్ని పక్కకు తోసి, దొరికిన బటన్‌ను దొరికినంత తిప్పేశాడు.

హాల్లోకి ఏసీ వచ్చింది.

మొదట అందరూ తలలెత్తి హాలు కప్పు వైపు చూశారు. ఆ హాలు ఏసీకి చప్పుడుండదు. ఇది కిటికీ ఏసీ, ఇనుప రెక్క ఒకటి వదులై, గుర్రుమని, మధ్యలో దగ్గి, మళ్ళీ గుర్రుమనే ఏసీ. దాని కింద ఫ్రిజ్ వణుకు. ఎక్కడో ఇనుప మంచం కిర్రుమంది. "సౌండ్" అన్న గొంతులు ఒకటొకటే ఆగిపోయాయి. ఆ గదిని హాల్లో చాలామంది చూడనే లేదు. కానీ ఆ చప్పుడు కింద పడుకోనివాడు ఒక్కడూ లేడు. నా వెనక ఒక పెద్దావిడ, ఎవరి ఇంట్లో చేస్తుందో ఏమో, కొంగు నోట్లో పెట్టుకుంది. తెర మీద ఓబులేసు ఏడవడం లేదు. ఫోను చార్జింగుకు పెట్టాడు. చొక్కా మడిచాడు. మంచం మీద కూర్చున్నాడు. ఉస్తాద్ తల దించలేదు.

నలభై సెకన్లయ్యాయి. ఆ బటన్ పూర్తిగా తిప్పి ఉందన్న సంగతి అందరం మరిచిపోయాం. తర్వాతి సీనులో ఓబులేసు, "హలో మేనేజర్ సార్!" అన్నాడు. ఆ హలో హలో కాదు, బాంబు. చంకల్లో పిల్లలంతా ఒకేసారి అందుకున్నారు, కింద హోటలులో ప్లేట్లు జారాయి, వీధిలో మూడు కార్ల అలారాలు మోగాయి. ఒకటి మా మామా కారే.

సినిమా అయ్యాక జనం ఓబులేసును చుట్టుముట్టారు.

"మధ్యలో కొంచెం సౌండు పాయగానీ, సినిమా సూపరన్నా!"

"ఏమంటున్నారు?" అని ఉస్తాద్ నన్ను అడిగాడు.

"ఆ చోట మీరు ఏమీ చేయలేదంటున్నారు."

ఆయన ముఖం వెలిగింది. రెండు చేతులతో నా చేయి పట్టుకుని వదల్లేదు.

ఓబులేసు మాత్రం ఖాదర్ని వెతుక్కుంటూ వెళ్ళాడు. కొడతాడేమోనని నేను వెనకే వెళ్ళాను.

"వయొలిన్ ఏమైందిరా?"

"పెట్టినా అన్నా." ఖాదరు వైర్లు చుడుతూ తలెత్తకుండా చెప్పాడు. "పెట్టి ఇన్న్యా. వయొలిన్ వచ్చాంటే మన ఏసీ ఇనపడల్యా. తీసేసినా. కొట్టల్లంటే కొట్టు."

ఓబులేసు కొట్టలేదు. జనం దిగిపోయారు. హోటలువాళ్ళు గులాబీ రంగు బెలూన్లు పట్టుకుని లోపలికి వస్తున్నారు. ఓబులేసు ఉస్తాద్ ముందుకు వచ్చి నిలబడ్డాడు. ఆయనకు తెలుగు రాదన్న సంగతే మరిచిపోయాడు.

"సార్, ఆ ఏసీ ఇంగొకసారి పెట్టిచ్చారా?"

"ఎందుకురా?" అన్నాను నేను.

"ఆ పొద్దు రూములో నైట్ డ్యూటీ వాళ్ళు నలుగురు పండుకోనుండిరన్నా. గట్టిగా ఏడిస్తే లేచ్చారని..." ఖాళీ కుర్చీల వైపు చూశాడు. "ఇప్పుడు ఎవరూ ల్యా గదా."

ఉస్తాద్ నావైపు చూశాడు. నా జీవితంలో మొదటిసారి, ఒక మాట కలపకుండా, ఒక మాట తీయకుండా ఇంగ్లీషులో చెప్పాను. ఆయన ఖాదరుకు సైగ చేసి, తనే వెళ్ళి హాలు తలుపు మూశాడు. బెలూన్లవాడు, "యల్లా, యల్లా, ఖలాస్! ఐదవుతోంది!" అన్నాడు. ఉస్తాద్ వాడి నోటి మీద వేలు పెట్టాడు.

ఖాదరు పెట్టాడు. అయిపోగానే ఓబులేసు మళ్ళీ అన్నట్టు చేయి ఎత్తాడు. ఖాదరు మళ్ళీ పెట్టాడు. మళ్ళీ చేయి లేచింది. ఎన్నిసార్లు పెట్టించుకున్నాడో ఇక్కడ రాయను. నేను ఏ లెక్క చెప్పినా పెంచి చెప్పాననే అంటారు.